తెర మీది మేళగాళ్లు

మంచిర్యాల జిల్లాలో 2021 ఆగస్టులో ఒక పెళ్లికూతురు బరాత్‌లో ‘బుల్లెట్టు బండి’ పాటకు ఆడితే ఆ వీడియో ఊరూరా ఫోన్లలో తిరిగింది. మూడు నాలుగు నిమిషాల పాట, దానికో ఆట, చూడటానికి చిన్న తెర. ఇది యూట్యూబ్‌తో పుట్టిందనుకుంటాం గానీ, వరస కలిపితే దీనికి తాత 1940 నాటి అమెరికా ‘సౌండీ’ అనే పొట్టి పాట చిత్రం. షికాగోలోని మిల్స్ నావెల్టీ కంపెనీ పానోరమ్ అనే బీరువాలాంటి పెట్టెను చేసి బార్లలో, హోటళ్లలో పెట్టించింది. లోపల 16 ఎం.ఎం. ప్రొజెక్టర్, బొమ్మను తెర మీదికి తిప్పే అద్దాలు. 10 సెంట్ల బిళ్ల వేస్తే రీలులోని ఎనిమిది పాటల్లో వరసలో ఉన్నది ఆడేది. కోరిన పాట వేసుకునే వీలు లేదు.

ఆ బొమ్మల నుంచి మనం తెచ్చుకోవాల్సింది ఒకటుంది: వాయించేవాళ్ల మొహాలు. 1942లో జాజ్ సంగీతకారుడు డ్యూక్ ఎలింగ్టన్ బృందంతో తీసిన ‘జామ్ సెషన్’ అనే సౌండీలో ఒక్కొక్కరే వచ్చి వాయిస్తుంటే వాళ్ల పేర్లు తెర మీద పడతాయి. వయొలిన్ మీద రే నాన్స్, డ్రమ్స్ మీద సానీ గ్రీర్. మన జానపద వీడియోల్లో చాలావాటిలో డప్పు మోత వినిపిస్తుంది, డప్పు కొట్టే చేతులు కనిపించవు. పాడినవాళ్ల పేర్లు, ఆడినవాళ్ల పేర్లు ఉంటాయి; డప్పు ఎవరిదో తరచూ ఉండదు. నిజానికి మన తెలంగాణ నేల వాద్యాన్ని వెనక్కి నెట్టిన నేల కాదు. మిద్దె రాములు కరీంనగర్ గడ్డ మీద చెప్పిన ఒగ్గుకథకు ఆ పేరే ఒగ్గు నుంచి, అంటే శివుడి డమరుకం నుంచి వచ్చింది. ఆదిలాబాద్ గోండుల గాథలు వాటిని పాడే పర్ధాన్ల తీగవాద్యం కిక్రీ లేకుండా నడవవు. గుమేల వాద్యం, ఊదే పేప్రె మోగందే ఆ గోండుల గుస్సాడీ ఆటలో అడుగు పడదు.

సౌండీల్లో మాత్రం నిజంగా వాయించారా, ముందే రికార్డు చేసిన పాటకు చేతులు కదిపారు కదా అనవచ్చు. నిజమే. అయినా వాద్యం పట్టిన తీరు, తల ఊపిన తీరు మిగిలాయి. బ్లూస్ గాయని బెస్సీ స్మిత్ కదలికలు మనకు దొరికేది 1929 నాటి ‘సెయింట్ లూయిస్ బ్లూస్’ అనే ఒక్క చిన్న చిత్రంలోనే. అది లేకపోతే ఆమె వట్టి గొంతుగానే మిగిలేది. ఇక కీబోర్డు మీదే డప్పు పలుకుతుంటే డప్పు మనిషిని ఎక్కడి నుంచి తెస్తారన్నది గట్టి ప్రశ్న. తక్కువ ఖర్చుతో పాట తీసేవాళ్ల ఇబ్బంది నాకు అర్థమవుతుంది. కానీ దీపావళి రోజుల్లో గుస్సాడీ ఆడే గోండుల దండారి బృందాలు తమ వాద్యాలతో ఊరూరా తిరుగుతూనే ఉంటాయి, కెమెరాలూ వాటి వెంట వెళుతూనే ఉంటాయి. 2021లో పద్మశ్రీ అందుకున్న గుస్సాడీ గురువు, మార్లవాయి ఊరి కనకరాజు 2024లో కన్నుమూశారు. ఆయన నేర్పిన అడుగులు తీసే కెమెరా నెమలి ఈకల టోపీల మీంచి కాస్త పక్కకు జరిగి, పేప్రె ఊదేటప్పుడు ఉబ్బే బుగ్గల దగ్గర పది సెకన్లు ఆగాలి. ఆ పది సెకన్లూ ఆ ఊదే మనిషి పేరు తెర మీద ఉండాలి.