సంఘీభావ ఆర్థిక వ్యవస్థలో కులం ఎక్కడ కూర్చుంటుంది?

సామాజిక సంఘీభావ ఆర్థిక వ్యవస్థ అన్న మాట ఈ మధ్య సెమినార్లలో తరచూ వినిపిస్తోంది. 2022 జూన్‌లో అంతర్జాతీయ కార్మిక సంస్థ దీనికి ఒక నిర్వచనం ఇచ్చింది. 2023 ఏప్రిల్ 18న ఐక్యరాజ్యసమితి సర్వసభ్య సభ దీని మీద తీర్మానం చేసింది. సహకార సంఘాలు, పరస్పర సహాయ సంఘాలు, అసోసియేషన్లు, ఫౌండేషన్లు, సామాజిక సంస్థలు, స్వయం సహాయక బృందాలు ఇందులోకి వస్తాయి. చేరడం స్వచ్ఛందం, పాలన ప్రజాస్వామికం, సర్కారు నుంచి స్వతంత్రం. మిగులు పంచుకునేటప్పుడు పెట్టుబడి కన్నా మనిషి ముందు. స్థూలంగా ఆ నిర్వచనం ఇదే.

చదవడానికి బాగుంది. కులం ఉన్న చోట ఇది ఎవరికి పనిచేసింది, ఎవరిని బయట నిలబెట్టింది అన్నది మా ప్రశ్న. మధ్య హైదరాబాద్‌లో అమీర్‌పేట, పంజాగుట్ట, వాటిని ఆనుకున్న బేగంపేటల నుంచి దీన్ని చూద్దాం. ఈ రెండు మూడు కిలోమీటర్ల పరిధిలో ఈ ప్రశ్నకు కావలసిన సామగ్రి చాలా ఉంది.

అమీర్‌పేట అనగానే అందరికీ గుర్తొచ్చేది మైత్రీవనం చుట్టూ కోచింగ్ సెంటర్ల బోర్డులు, హాస్టళ్ళు, మెస్సులు. ఆ బోర్డుల వెనక ఏ గణాంకాల్లోకీ ఎక్కని డబ్బు ఒకటి తిరుగుతుంటుంది. అపార్ట్‌మెంట్లలో పనిచేసే మహిళలు, వాచ్‌మన్ కుటుంబాలు, తోపుడుబండ్ల వాళ్ళు నెలనెలా వేసుకునే చిట్టీ అది. బ్యాంకు గడప తొక్కని వాళ్ళకు చిట్టీయే బ్యాంకు. కాబట్టి సంఘీభావానికి ఇదే మొదటి పాఠమని కొందరు రాస్తారు. మేము అంత దూరం పోలేం. చిట్టీ పాటలో ఎక్కువ తగ్గించి పాడేది ఎవరు? ఆసుపత్రి బిల్లు, ఫీజు గడువు నెత్తిమీద ఉన్నవాళ్ళు. ఆ తగ్గింపు మిగతా సభ్యులకు లాభంగా పంచబడుతుంది. అంటే అవసరం ఎక్కువున్న మనిషి నుంచి తక్కువున్న మనిషికి డబ్బు నడుస్తుంది. నమ్మకం ఉంది, పరస్పరత ఉంది, సంఘీభావం మాత్రం తలకిందులుగా ఉంది. పైగా 1982 చిట్‌ఫండ్స్ చట్టం ప్రకారం రిజిస్టర్ కాని చిట్టీ చెల్లదు. నడిపే మనిషి రాత్రికి రాత్రి మాయమైతే సభ్యుల చేతిలో ఉండేది ఒక నోటుబుక్కు మాత్రమే.

నగరంలో జీహెచ్ఎంసీ పెట్టే 5 రూపాయల భోజనం కూడా ఈ కోవలోకి రాదు. ఆకలి తీరుస్తుంది, అది మంచి పని. కానీ తినేవాళ్ళకు అందులో ఓటు లేదు, లెక్క అడిగే హక్కు లేదు.

"సముదాయం" అనే చిక్కు

పంజాగుట్ట చౌరస్తా పేరు చెబితే మన పాఠకులకు 2019 ఏప్రిల్ గుర్తొస్తుంది. అక్కడ పెట్టిన అంబేద్కర్ విగ్రహాన్ని తొలగించి జవహర్‌నగర్ డంపింగ్ యార్డుకు తరలించిన సంగతి ఎవరూ మరిచిపోలేదు. విగ్రహం కోసం జరిగినంత చర్చ ఆయన ఆర్థిక ప్రతిపాదన మీద జరగకపోవడం మాకు వెలితిగా కనిపిస్తుంది. 1947లో షెడ్యూల్డ్ కులాల ఫెడరేషన్ తరఫున రాజ్యాంగ సభ కోసం రాసిన "రాష్ట్రాలు, మైనారిటీలు" పత్రంలో ఆయన వ్యవసాయాన్ని ప్రభుత్వ పరిశ్రమ చేయాలన్నారు. భూమి అంతా రాజ్యానిది. దాన్ని కులభేదం లేకుండా ఊరివాళ్ళకు ఇచ్చి సమష్టిగా సాగు చేయించాలి. భూస్వామి, కౌలుదారు, భూమిలేని కూలీ అనే తేడాలే ఉండకూడదు. కీలక పరిశ్రమలు, బీమా రాజ్యం చేతిలో ఉండాలి. ఇదంతా రాజ్యాంగంలోనే రాయాలి, లేకపోతే తర్వాతి మెజారిటీ తుడిచేస్తుంది.

స్వచ్ఛంద సంఘాల మీద ఆయన ఎందుకు వదిలేయలేదు? ఊరు అంటే ఆయనకు తెలుసు కాబట్టి. యూరప్, లాటిన్ అమెరికా పండితులు "సముదాయం" అని రాసినప్పుడు వాళ్ళ మనసులో ఉండేది ఇరుగుపొరుగు. మన దగ్గర ఆ మాటకు మొదటి అర్థం కులం. చుండూరులో 1991 ఆగస్టు 6న జరిగిన హత్యాకాండకు ముందు దళితులకు పొలం పనులు ఇవ్వకుండా సాంఘిక బహిష్కరణ పెట్టారు. అదీ ఒక సముదాయం తనలో తాను చూపించుకున్న సంఘీభావమే. పద్ధతి ప్రకారం కట్టుబాటు, ఉమ్మడి నిర్ణయం, తప్పినవాడికి జరిమానా అన్నీ ఉన్నాయి.

సహకార సంఘాలు దీనికి అతీతం కావు. 11 రాష్ట్రాల్లో 565 గ్రామాల్లో చేసిన సర్వే ఆధారంగా ఘన్‌శ్యామ్ షా, హర్ష్ మందర్, సుఖదేవ్ తోరట్ తదితరులు 2006లో "గ్రామీణ భారతంలో అంటరానితనం" పుస్తకం తెచ్చారు. దాని ప్రకారం దాదాపు సగం గ్రామాల్లో దళితులు పాల సహకార సంఘానికి పాలు అమ్మకుండా అడ్డుకుంటున్నారు. బర్రె ఉంది, పాలున్నాయి, సంఘం ఉంది, చట్టంలో ఏ అడ్డూ లేదు. అయినా ఆ పాలు క్యాన్లో పడవు. ప్రాథమిక వ్యవసాయ పరపతి సంఘాల్లో అడ్డు ఇంకా సూటిగా ఉంటుంది. భూమి పట్టా ఉన్నవాళ్ళ చుట్టూ కట్టిన సంఘంలో భూమిలేని మాల మాదిగలకు చోటెక్కడ?

బేగంపేటలో రెండు చిరునామాలు

అమీర్‌పేట నుంచి నడిచిపోయేంత దూరంలో, బేగంపేటలో, ఒకప్పుడు రెండు సంస్థల కార్యాలయాలు ఉండేవి. రెండూ అప్పటి మెదక్ జిల్లా పేద మహిళల సంఘాలతో మొదలైనవే.

మొదటిది డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ, డీడీఎస్. 1983లో జహీరాబాద్ ప్రాంతంలో పని మొదలుపెట్టింది. పస్తాపూర్ కేంద్రంగా సుమారు 75 గ్రామాల్లో సంఘాలు ఏర్పడ్డాయి. సభ్యుల్లో అత్యధికులు దళిత మహిళలు. ప్రభుత్వ పంపిణీలో వాళ్ళకు దక్కిన భూములు ఎక్కువగా రాళ్ళు తేలిన చెలకలు, ఏళ్ళుగా పడావు పడ్డవి. 1983 నుంచి 2 రూపాయలకు కిలో బియ్యం వచ్చింది. ఆకలికి అది పెద్ద ఆసరా, కాదనలేం. కానీ రేషన్ షాపులో జొన్న లేదు. జొన్న పండే నేలకు ధర పోయింది, ఆ నేల ఉన్న మనిషి మళ్ళీ కూలీకి పోయింది.

1990ల మధ్యలో ఈ సంఘాలు ధాన్య నిధి పేరుతో ఒక ప్రత్యామ్నాయ ప్రజా పంపిణీ వ్యవస్థ కట్టాయి. దాని నడక మీద కాస్త ఆగాలి. కేంద్ర గ్రామీణాభివృద్ధి శాఖ నుంచి వచ్చిన సొమ్మును పడావు భూమి ఉన్న చిన్న రైతులకు దుక్కికి, ఎరువుకు, విత్తనానికి ఎకరాల లెక్కన అప్పుగా ఇచ్చారు. అప్పు నగదులో, తీర్చడం జొన్నల్లో, కొన్నేళ్ళ వాయిదాల మీద. అలా వచ్చిన గింజలు పట్నం గోదాముకు పోలేదు, ఊళ్ళోనే నిల్వ చేశారు. పనులు దొరకని నెలల్లో, బజారు ధర పెరిగే సమయంలో, ఊరి పేదలకు తక్కువ ధరకు అమ్మారు. పేదలెవరన్నది అధికారి తేల్చలేదు, ఊరివాళ్ళే బహిరంగంగా కూర్చుని వరస కట్టారు. ఆ అమ్మకం సొమ్ము మళ్ళీ నిధిలోకి చేరి కొత్త భూములకు పోయింది. 30కి పైగా గ్రామాల్లో 2,500 ఎకరాలకు పైగా పడావు భూమి ఇలా సాగులోకి వచ్చింది.

ఇందులో మమ్మల్ని ఆపేది దిగుబడి లెక్క కాదు. తిండి కోసం రైతు ఇంటి ముందు నిలబడే అవసరం ఎవరికుండేదో, గింజల తాళం చెవి వాళ్ళ చేతికొచ్చింది. విత్తనాలదీ అదే దారి. సంఘం విత్తన బ్యాంకులో తీసుకున్న మనిషి పంట వచ్చాక రెట్టింపు తిరిగి పోస్తుంది, నగదు మాటే రాదు. 2008లో మాచ్‌నూర్‌లో సంఘం రేడియో మొదలైంది. కెమెరా పట్టింది, మైకు ముందు కూర్చుంది ఈ మహిళలే. 2019లో ఐక్యరాజ్యసమితి అభివృద్ధి కార్యక్రమం వారి ఈక్వేటర్ బహుమతి డీడీఎస్‌కు దక్కింది. సంస్థను నడిపించిన పి.వి. సతీష్ 2023 మార్చిలో చనిపోయారు.

ఒక విమర్శ కూడా చెప్పాలి. స్వచ్ఛంద సంస్థా, సంఘమూ ఒకటి కావు. సంస్థకు పాలకవర్గం, దాతలు ఉంటారు. సంఘానికి ఉండేది సభ్యులు. దాతల డబ్బు ఆగిన రోజున సంఘం దగ్గర మిగిలేది ఎంత అన్నది ఇలాంటి ప్రతి ప్రయోగాన్నీ అడగాలి. డీడీఎస్ విషయంలో భూమి, విత్తనం సభ్యుల చేతిలోనే ఉన్నాయి గనక జవాబు కొంత ధైర్యమిస్తుంది.

రెండో చిరునామా ఎస్‌కేఎస్ మైక్రోఫైనాన్స్. పూర్తి పేరు స్వయం కృషి సంఘం. డీడీఎస్‌లో పనిచేసిన విక్రమ్ ఆకుల 1997లో దీన్ని లాభాపేక్ష లేని సంస్థగా స్థాపించి, నారాయణఖేడ్ ప్రాంతంలో అప్పులివ్వడం మొదలుపెట్టారు. తర్వాత అది కంపెనీ అయింది. 2010లో షేర్ మార్కెట్‌కు వెళ్ళి 1,600 కోట్ల రూపాయలకు పైగా సేకరించింది. ఐదుగురు మహిళల బృందం, ఒకరికొకరు హామీ అన్నది పద్ధతి. కాగితం మీద అదీ సంఘీభావమే. ఆచరణలో ఒకామె కిస్తీ తప్పితే మిగతా నలుగురు ఆమె ఇంటి ముందు కూర్చోవాలి. వాడకట్టులో ఉన్న బంధాన్ని వసూలు యంత్రం చేశారన్నమాట. మైక్రోఫైనాన్స్ అప్పుల వేధింపులు, ఆత్మహత్యల వార్తల మధ్య 2010 అక్టోబరులో ఉమ్మడి రాష్ట్ర ప్రభుత్వం ఆర్డినెన్సు తెచ్చింది, వసూళ్ళు కుప్పకూలాయి. ఎస్‌కేఎస్ 2016లో పేరు మార్చుకుంది, 2019లో ఇండస్‌ఇండ్ బ్యాంకులో కలిసిపోయింది.

రెండింటిలోనూ మొదట ఉన్నది సంఘమే, మహిళలే, అప్పే. ఒకచోట మిగులు ఊరి గాదెలో పడింది, ఇంకోచోట వాటాదారుల ఖాతాలో. ఏ సంస్థ తనను తాను ఏమని పిలుచుకున్నా విద్యార్థులు ముందుగా వెతకవలసింది ఈ మిగులు దారినే.

చట్టం వైపు చూస్తే, 1995లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ తెచ్చిన పరస్పర సహాయక సహకార సంఘాల చట్టం దేశంలో ఈ తరహా మొదటిది. సర్కారు వాటాధనం ఉండదు, సర్కారు పెత్తనమూ ఉండదు. పొదుపు సంఘానికి, కార్మికుల సంఘానికి ఇది చిట్టీ కన్నా గట్టి గొడుగు. మన సంఘాల్లో దీని గురించి తెలిసినవాళ్ళు తక్కువ.

యంత్రం ఒకరికా, పదిమందికా?

2017లో హైదరాబాద్ జలమండలి ఇరుకు గల్లీల్లో మురుగు తీసే 70 చిన్న జెట్టింగ్ యంత్రాలను తెచ్చింది. దళిత పారిశ్రామికవేత్తల సంఘం డిక్కీ తోడుతో, బ్యాంకు అప్పుతో, పారిశుధ్య కుటుంబాల నుంచి వచ్చినవారిని యజమానులను చేయడం ఉద్దేశం. మ్యాన్‌హోల్‌లో మనిషి దిగకుండా ఆపే ప్రతి యంత్రాన్నీ మేము స్వాగతిస్తాం. కానీ కొనుగోలుదారు ఒక్కరే, అదీ జలమండలి. రేటు చెప్పేది, టెండరు పిలిచేది వాళ్ళే. ఒంటరి యజమాని అక్కడ బేరం ఆడలేడు. పుణేలో దారి వేరు. చెత్త ఏరే మహిళలు, వాళ్ళలో ఎక్కువమంది దళితులు, 1993లో యూనియన్ కట్టారు. దానిలోంచే స్వచ్ఛ్ సహకార సంఘం పుట్టింది. 2008 నుంచి ఆ సంఘం మున్సిపల్ కార్పొరేషన్‌తో ఒప్పందం మీద ఇంటింటి చెత్త తీస్తోంది. యూనియన్ ముందు, సంఘం తర్వాత. ఆ వరస ముఖ్యం.

కేరళ ఉరాలుంగల్ కూలీల సంఘం కథ మనకు ఇంకా దగ్గర. సంస్కర్త వాగ్భటానందుడి ఉద్యమంలో చేరినందుకు పైకులాల వాళ్ళు పని నిరాకరిస్తే, 1925లో కూలీలే సంఘం పెట్టుకున్నారు. ఇప్పుడది రోడ్లు, వంతెనలు కట్టే పెద్ద సంస్థ. చుండూరు లాంటి బహిష్కరణకు ఒక జవాబు అక్కడ ఉంది.

తెలంగాణలో 2021లో మొదలైన దళితబంధు కుటుంబానికి 10 లక్షలు ఇచ్చింది. 2023 చేవెళ్ల డిక్లరేషన్‌లో కాంగ్రెస్ 12 లక్షలు అంది. రెండు లెక్కల్లోనూ కుటుంబమే యూనిట్. ఒక కారు, ఒక ట్రాక్టర్, ఒక దుకాణం. ఒకే మండలంలో పదులకొద్దీ కార్లు దిగితే కిరాయి ఎవరికి దొరకాలి? అదే పది కుటుంబాలు కలిస్తే కోటి రూపాయలు. ఉత్పత్తిదారుల కంపెనీ రిజిస్టర్ చేయడానికి చట్టం అడిగేది కూడా పదిమంది ఉత్పత్తిదారులనే. కోటితో పప్పు మిల్లు, కోల్డ్ స్టోరేజీ, అమీర్‌పేట హాస్టళ్ళకు సరుకు వేసే గోదాము, ఏదైనా అనుకోవచ్చు. పథకం మార్గదర్శకాల్లో ఉమ్మడి యూనిట్‌కు అదనపు ప్రోత్సాహం, మూడేళ్ళ పాటు ఒక అకౌంటెంటు జీతం, సర్కారు కొనుగోళ్ళలో వాటా రాయించమని అడగడం సంఘాల పని. పదిమందిలో కనీసం సగం మహిళలు ఉండాలని, చెక్కు మీద రెండో సంతకం వాళ్ళలో ఒకరిదై ఉండాలని బైలాలో మొదటి రోజే రాయించాలి.