కోఠీ: దొరల మేడ, దొరల గోరీలు

కోఠీ అంటే మేడ. హైదరాబాదులో బస్సెక్కి కోఠీకి టికెట్టు అడిగే మనిషికి తానొక మేడ పేరు చెబుతున్నానన్న ఆలోచన వుండదు. పాత పుస్తకాల కోసం వచ్చే విద్యార్థికి అది పుస్తకాల బజారు. పల్లె నుంచి వచ్చే రోగికి ఆసుపత్రుల దారి. బట్టల బేరానికి వచ్చేవారికి సుల్తాన్ బజారు. కాని ఈ పేటకంతకూ పేరు పెట్టింది ఒక్క ఇల్లు. దాదాపు నూట నలభై ఏళ్లపాటు నిజాము రాజ్యంలో ఏది జరగాలో, ఏది జరగకూడదో చెప్పిన మనిషి కాపురమున్న ఇల్లు. ఆ మనిషిని రెసిడెంటు అనేవారు; మొదట ఈస్టిండియా కంపెనీకి, తరువాత బ్రిటిష్ ప్రభుత్వానికి ప్రతినిధి.

ఆ మేడనూ, దాని ఆవరణలోనే వున్న దొరల గోరీలనూ తిప్పి చూపించే కాలినడక యాత్రలు ఇప్పుడు నగరంలో నడుస్తున్నాయి. పోయిన చలికాలంలో ఒక ఆదివారం ఉదయం నేనూ అటువంటి బృందంలో చేరాను. నాతో అనంతపురం జిల్లా నుంచి వచ్చిన ముగ్గురు విద్యార్థులున్నారు. దారి చూపే యువకుడు చురుకైనవాడు, చదువుకున్నవాడు, మాటకారి. అతనిపై నాకే ఫిర్యాదూ లేదని ముందే చెబుతున్నాను. అతడు చెప్పిన దానిలో అబద్ధమేమీ లేదు. నా తగవంతా అతడు చెప్పని దానితోనే.

మేడ ముందు నిలబడితే ఎవరికైనా తల పైకెత్తక తప్పదు. వెడల్పాటి మెట్ల వరుస, ఇరువైపులా సింహాలు, ఆరు బ్రహ్మాండమైన స్తంభాలు, వాటి పైన త్రికోణాకారపు ముఖభాగం. లోపల దర్బారు హాలు, రంగులు వేసిన పైకప్పు, దీపాల గుత్తులు. 1803 ప్రాంతంలో మొదలైన ఈ కట్టడానికి నమూనా వేసినవాడు మద్రాసు ఇంజనీరు దళానికి చెందిన శామ్యూల్ రస్సెల్. కట్టించినవాడు రెసిడెంటు జేమ్స్ అకిలీజ్ కిర్క్‌పాట్రిక్. సామ్రాజ్యవాదుల కట్టడమంటే చాలు, ముఖం తిప్పుకునే అలవాటు మనలో కొందరికుంది. అది తెలివైన అలవాటు కాదు. నమూనా దొరది, ఆ స్తంభాలను నిలబెట్టి, సున్నం మెత్తి, నునుపు తేల్చిన చేతులు ఇక్కడివి. శిథిలమవుతున్న ఈ మేడను 2002లో ప్రపంచ స్మారక నిధి సంస్థ ప్రమాదంలో వున్న కట్టడాల జాబితాలో చేర్చిన తరువాత ఏళ్ల తరబడి మరమ్మతులు జరిగాయి. మంచిదే జరిగింది.

అందరూ ఎదురు చూసే కథ మొదలయింది. కిర్క్‌పాట్రిక్కు ఖైరున్నీసా అనే గొప్పింటి అమ్మాయిని ప్రేమించాడు, ఆమెను ముస్లిము పద్ధతిలో పెళ్లాడాడు, ఆమె కోసం రంగమహలు కట్టించాడు. పరదాలో వుండే ఆమె ఈ మేడను చూడడానికి వీలుగా దీని బొమ్మను చిన్నదిగా కట్టించి తోటలో పెట్టాడంటారు. ఆ బొమ్మ దగ్గర మా బృందం చాలాసేపు నిలిచిపోయింది, ఫొటోలు తీసుకున్నారు. ఈ కథ కూడా నిజమే. ప్రేమను ఎగతాళి చేయడం అభ్యుదయం కాదు. అయితే కథను ఎక్కడ ఆపుతున్నారో చూడాలి. 1805లో పిల్లలిద్దరినీ తల్లి నుంచి వేరు చేసి ఓడ ఎక్కించి ఇంగ్లండుకు పంపారు. అదే ఏడాది అక్టోబరులో కిర్క్‌పాట్రిక్కు కలకత్తాలో చనిపోయాడు. ఆ తరువాత ఆమెను చేరదీసిన హెన్రీ రస్సెల్, కిర్క్‌పాట్రిక్కు కింద పనిచేసినవాడే, ఆమెను మచిలీపట్నంలో వదిలి తన దారిన తాను పోయాడు. ఆమె 1813లో, ముప్పై ఏళ్లయినా నిండకుండా మరణించింది. అప్పటికి రస్సెల్ ఇదే మేడలో రెసిడెంటు. రంగమహలును 1860లో పడగొట్టించారు.

అప్పుడే మా విద్యార్థి ఒకడు అడిగాడు: “అన్నా, ఇంత మేడకు డబ్బెవరిచ్చినారు?”

“నిజామే ఇచ్చాడు” అన్నాడు దారి చూపే యువకుడు. దాని మీద ఒక పిట్టకథ కూడా చెప్పాడు. రెసిడెంటు తనకు కావలసిన స్థలానికి పెద్ద పటం గీయించి పంపితే నిజాం అలీ ఖాన్ కాదన్నాడట. నా రాజ్యం పటమే ఇంత వుండదు కదా, ఎలా ఇవ్వమంటావని అన్నాడట. అదే పటాన్ని చిన్న కాగితం మీద గీసి పంపితే సంతోషంగా ఒప్పుకున్నాడట. అందరూ నవ్వారు.

నాకు నవ్వు రాలేదు. పటం చిన్నదయితే భూమి చిన్నదయిపోదు. ఆ సంగతి బాగా తెలిసిన ప్రాంతం వాళ్లు నా పక్కనే వున్నారు.

1798 సెప్టెంబరులో నిజాము కంపెనీతో సైన్య సహకార ఒప్పందం చేసుకున్నాడు. ఆ శరదృతువులోనే ఆయన కొలువులోని ఫ్రెంచి అధికారుల పటాలాలను నిరాయుధం చేశారు. ఇక కంపెనీ సైన్యమే దిక్కు. ఆ సైన్యానికి జీతం ఎవరివ్వాలి? 1800 అక్టోబరులో ఇదే కిర్క్‌పాట్రిక్కు కుదిర్చిన ఒప్పందం దానికి జవాబు. టిప్పు సుల్తాను నుంచి నిజాము వాటాకు వచ్చిన బళ్లారి, అనంతపురం, కడప ప్రాంతాలను శాశ్వతంగా కంపెనీకి రాసిచ్చారు. వాటికే దత్త మండలాలని పేరు. ఏదో పిల్లవాణ్ణి దత్తతకు ఇచ్చినట్టు! ఆ పేరు మోయలేక 1928లో నంద్యాలలో రాయలసీమ అని మార్చుకునే దాకా నూట ఇరవై ఎనిమిదేళ్లు పట్టింది.

అనంతపురం రైతు పన్ను నేరుగా ఈ స్తంభాలలోకి వచ్చి చేరిందని నేననడం లేదు. అలా అంటే అది చరిత్ర కాదు, నినాదం. కాని ఒప్పందం రాసిన చెయ్యీ, మేడకు కొలతలు చెప్పిన చెయ్యీ ఒకటే. మధ్యలో గడిచినవి మూడేళ్లు. ఒక రాజు తన సైన్యాన్నీ, దానితోపాటు జిల్లాలనూ వదులుకున్నాక, ఆ వదులుకోవడాన్ని కంటికి కనిపించేట్టు నిలబెట్టిన రాతపత్రం ఈ మేడ. దాని ఖర్చు కూడా ఆయన చేతే పెట్టించారు. ప్రేమకథలో చోటు దొరకని విషయమిది.

లెక్క అక్కడితో ముగియలేదు. రెసిడెన్సీ నీడలోనే విలియం పామర్ కంపెనీ వడ్డీ వ్యాపారం సాగించింది. దివాను చందూలాలుకు నూటికి ఇరవై అయిదు దాకా వడ్డీకి అప్పులిచ్చేది. రస్సెల్ దొర దీనిని చూచీ చూడనట్టు వదిలేశాడు. తరువాత వచ్చిన మెట్కాఫ్ బయటపెట్టాడు. అన్యాయం బయటపడింది కదా, అప్పు రద్దయిందా? లేదు. 1823లో ఆ అప్పు తీర్చడానికి కంపెనీ ప్రభుత్వం కోటీ పదహారు లక్షల పైచిలుకు రూపాయలు సర్దింది. బదులుగా ఉత్తర సర్కారులకుగాను తాను నిజాముకు ఏటా చెల్లించవలసిన ఏడు లక్షల పేష్కషును ఎప్పటికీ రద్దు చేసుకుంది. అంటే సీమ జిల్లాలు సైన్యం కింద పోయాయి. సర్కారు జిల్లాల మీద మిగిలిన చివరి హక్కు వడ్డీ కింద పోయింది. 1853లో బీరారు కూడా సైన్యం బాకీ కిందనే పోయింది. దక్కను పటమంతా ఈ మేడలో కూర్చుని చేసిన లెక్కల్లోనే చిరిగింది.

అక్కడి నుంచి మమ్మల్ని గోరీలకు తీసుకువెళ్లారు. చెట్ల నీడ, ఎండుటాకులు, బజారు రొద గోడ అవతల ఆగిపోయినట్టు ఒక నిశ్శబ్దం. రాళ్ల మీద ఇంగ్లీషులో పేర్లు, హోదాలు, వయసులు. అధికారులు, వారి భార్యలు, పసిపిల్లలు. ఎండకు, జ్వరాలకు, కలరాకు బలయిన తరం. పసివాళ్ల రాళ్ల దగ్గర నేను టోపీ తీశాను. బిడ్డను పోగొట్టుకున్న తల్లి ఏ జాతిదయినా తల్లే.

కాని చుట్టూ చూడండి. ఈ తోటలో ఎవరున్నారో కాదు, ఎవరు లేరో చూడండి. మేడ కట్టించిన కిర్క్‌పాట్రిక్కు ఇక్కడ లేడు. కలకత్తా మట్టిలో కలిశాడు. ఖైరున్నీసా లేదు. ఆ పిల్లలను ఎత్తుకు పెంచిన ఆయాలు, పల్లకీ మోసిన బోయీలు, పంకా లాగినవారు లేరు. చావుకు హోదా లేదని వేదాంతులు చెబుతారు కాని, స్మశానానికి వుంది. జీతాల చిట్టాలో పై వరుసలో వున్నవారే చచ్చిన తరువాత రాయికి నోచుకున్నారు.

ఇంకొకడు కూడా ఇక్కడ లేడు. అతడు ఈ గోడ దాకా వచ్చాడు.

1857 జూలై 17. ఔరంగాబాదు అశ్వదళం నుంచి, సాటి సిపాయిల మీదకు వెళ్లమంటే నిరాకరించి పారిపోయి వచ్చిన జమాదారు చీదాఖానును దివాను సాలార్‌జంగు పట్టి రెసిడెంటు డేవిడ్‌సన్‌కు అప్పగించాడు. అతణ్ణి విడిపించాలని మక్కా మసీదు నుంచి సుమారు అయిదువందల మంది రొహిల్లాలు బయలుదేరారు. ముందు నడిచింది తుర్రేబాజ్ ఖాన్, మౌల్వీ అల్లావుద్దీన్. పుత్లీబౌలి వైపు అబ్బన్ సాహెబు, జైగోపాల్ దాసు అనే షావుకార్ల ఇళ్లలో చేరి అక్కడి నుంచి రెసిడెన్సీ మీద కాల్పులు జరిపారు. సాలార్‌జంగు కబురు ముందే అందడంతో లోపల ఫిరంగులు సిద్ధంగా వున్నాయి. తెల్లవారకముందే పోరు ముగిసింది. అల్లావుద్దీన్‌ను అండమానుకు పంపారు. తుర్రేబాజ్ ఖాన్ జైలు నుంచి తప్పించుకున్నాడు; 1859 జనవరిలో తూప్రాను దగ్గర అతణ్ణి చంపి, శవాన్ని నగరానికి తెచ్చి జనం చూసేట్టు వేలాడదీశారు. ఆ తిరుగుబాటు తరువాతే ఈ ఆవరణకు బురుజులతో గట్టి గోడ లేచింది.

తుర్రేబాజ్ ఖానును నేటి విప్లవకారుడిగా తీర్చిదిద్దవద్దు. వారు మతం పేర పిలుపునిచ్చారు. వారికి భూమి సమస్య తెలియదు. దక్కను రైతు ఆ రాత్రి వారి వెంట లేడు. కాని ఒక సిపాయి తోటి సిపాయిని చంపనన్నందుకు, వాడిని వదలమని అడగడానికి ఈ గుమ్మానికి వచ్చిన జనం వారు. వారిలో ఒక్కరికీ ఇక్కడ గోరీ లేదు.

శవాన్ని వేలాడదీయడం కూడా కొత్త కాదు. దత్త మండలాలలో పాళెగాళ్లను అణిచి, వారి హక్కులను పింఛన్లుగా, పింఛన్లను దమ్మిడీలుగా కోసుకుంటూ పోయిన తరువాత 1846లో ఉయ్యాలవాడ నరసింహారెడ్డి తిరగబడ్డాడు. 1847 ఫిబ్రవరిలో కోవెలకుంట్లలో ఉరితీసి, తలను కోట మీద ముప్పై ఏళ్లపాటు వేలాడనిచ్చారు. దొరకు పాలరాయి, తిరగబడ్డవాడికి గుంజ. మా అనంతపురం పిల్లవాడు ఈ మాట విని, “మా జిల్లా ఒప్పందమూ, ఆ తలా ఈ ఇంటికే వచ్చి కలుస్తాయా సార్?” అన్నాడు. నేను నలభై ఏళ్లు పాఠం చెప్పినా అంత సూటిగా చెప్పలేకపోయాను.

బయటికి వచ్చి బజారులో నడిచాం. ఈ వీధులు పూర్వం రెసిడెన్సీ బజారు. ఇక్కడ నిజాము పోలీసు అధికారం చెల్లేది కాదు. 1901 సెప్టెంబరు 1న రావిచెట్టు రంగారావు ఇంట్లో శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషా నిలయం పుట్టింది ఈ బజారులోనే. తెలుగు మాటకు రాజాదరణ లేని రాజ్యంలో తెలుగు గ్రంథాలయం దొరగారి హద్దుల్లో తలెత్తింది. అందుకే అక్కడ పెట్టారని నేననను. కాని ఒక యజమాని గోడ నీడను మరో యజమాని మీద వాడుకోవడం అణగిన జాతులు నేర్చుకునే విద్యే.

1924లో మొదలయిన ఆడపిల్లల కళాశాల 1949లో ఈ మేడలోకి వచ్చింది. ఆనాటికి తెలంగాణ పల్లెల్లో రైతు గెరిల్లాలను సైన్యం వేటాడుతూనే వుంది. ఇవాళ ఆ కళాశాల విశ్వవిద్యాలయం. దానికి 2024లో చాకలి ఐలమ్మ పేరు పెట్టాలని ప్రభుత్వం నిర్ణయించింది. పాలకుర్తిలో తాను కౌలుకు చేసుకున్న పంటను విసునూరు దేశముఖు ఎత్తుకుపోకుండా సంఘం అండతో ఇంటికి చేర్చుకున్న ఐలమ్మ! పేరు పెట్టడం తేలిక, ఆమెది లాంటి ఇంటి పిల్లకు లోపల సీటూ, హాస్టలూ దొరకడం వేరు. అయినా ఆ పేరు ఈ మెట్ల మీద వినబడడం నాకు సంతోషమే అయింది.

విడిపోయే ముందు దారి చూపే యువకుణ్ణి అడిగాను: ఈసారి నడకను సింహాల దగ్గర కాక పుత్లీబౌలి దగ్గర, ఆ షావుకార్ల ఇళ్లున్న చోట మొదలుపెట్టగూడదా అని. అతడు కాసేపు నిజంగానే ఆలోచించాడు. “పెట్టవచ్చు సార్. కాని అక్కడ చూపించడానికేమీ మిగల్లేదు. పైగా ట్రాఫిక్కు. పాతికమంది నిలబడడానికి చోటుండదు” అన్నాడు.

మా పిల్లలు ముగ్గురూ అప్పటికే రోడ్డు దాటి అటువైపు నడుస్తున్నారు.