జర్నైల్ గలతీకి సిపాయి ఖూన్

ఫౌజులో సిపాయి గలతీ చేస్తే అతని జాన్ పోతుంది. మహా అయితే పక్కనున్న ఇద్దరిది పోతుంది. జర్నైల్ గలతీ చేస్తే వేల ఇళ్లలో మాతమ్ మొదలవుతుంది. అందుకే ఏ జంగు గురించి చదివినా నేను రెండు సంగతులు వెతుక్కుంటాను. ఆ జర్నైల్‌ని ఆ కుర్సీలో కూర్చోబెట్టింది ఎవరు? నాలాయఖ్ అని తేలాక అతన్ని దింపడానికి ఎన్ని రోజులు పట్టింది? అమెరికా ఫౌజు చరిత్రలో ఈ రెండో ప్రశ్నకు చాలా మంచి జవాబూ ఉంది, చాలా చెడ్డ జవాబూ ఉంది.

మంచి జవాబు జార్జ్ మార్షల్ జమానాలోది. 1939 సెప్టెంబర్ 1న ఆయన అమెరికా ఆర్మీకి చీఫ్ ఆఫ్ స్టాఫ్ అయ్యాడు. అదే రోజు హిట్లర్ ఫౌజులు పోలండ్ మీద పడ్డాయి. అప్పటికి అమెరికా ఆర్మీలో 2 లక్షల మంది కూడా లేరు. రెండో ప్రపంచ యుద్ధం ముగిసేసరికి 80 లక్షలు దాటారు. ఇంత ఫౌజును నడిపే అఫ్సర్లు ఎక్కడి నుంచి రావాలి? ఉన్నవాళ్లలో చాలామంది మొదటి ప్రపంచ యుద్ధం నాటి బుజుర్గులు. ప్రమోషన్ దక్కేది ఖాబిలియత్‌ను బట్టి కాదు, సర్వీసును బట్టి. ముందు చేరినవాడు ముందు పైకి పోతాడు, అంతే.

మార్షల్ ముందు ఈ రివాజు మీద దెబ్బ కొట్టాడు. తనకన్నా ముందు చీఫ్‌గా చేసి రిటైరైన మాలిన్ క్రెయిగ్‌ను పిలిపించి, ఆయన సదారత్‌లో ఒక బోర్డు వేశాడు. జంగుకు పనికిరారని ఆ బోర్డు తేల్చిన వందల మంది అఫ్సర్లు ఇంటిదారి పట్టారు. 1941లో లూసియానాలో 4 లక్షల మంది సిపాహీలతో ఒక నకిలీ జంగు నడిపారు. జర్నైళ్లకు అది ఇమ్తెహాన్. అందులో పాల్గొన్న 42 మంది పెద్ద కమాండర్లలో 31 మందిని ఆ తర్వాత తీసేశారు లేదా పక్కకు తప్పించారు. అదే ఇమ్తెహాన్‌లో ఒక కల్నల్ పైవాళ్ల కంట్లో పడ్డాడు. పేరు డ్వైట్ ఐసెన్‌హోవర్. 1941 మొదట్లో ఆయన లెఫ్టినెంట్ కల్నల్. 1944 జూన్‌లో నార్మండీ తీరంలో దిగిన మిత్రదేశాల ఫౌజులన్నిటికీ ఆయనే సిపాహ్‌సాలార్.

ఇది విని మార్షల్ ఎంపిక ఎప్పుడూ గురి తప్పలేదని అనుకోవద్దు. తప్పింది, అదీ ఘోరంగా తప్పింది. లాయిడ్ ఫ్రెడెండాల్ అనే జర్నైల్ మీద మార్షల్‌కు మంచి భరోసా ఉండేది. ఉత్తర ఆఫ్రికాలో సెకండ్ కోర్ ఆయన చేతికి వచ్చింది. ఈయన ఏం చేశాడు? మైదానానికి 100 కిలోమీటర్లకు పైగా వెనుక, అల్జీరియాలో తెబెస్సా దగ్గర ఒక లోయలో మకాం పెట్టాడు. జంగుకు కావాల్సిన ఇంజనీర్లను తన హెడ్‌క్వార్టర్స్ కోసం రాళ్లు తొలిచే పనికి పెట్టాడు. ముందు వరసకు వెళ్లింది తక్కువ. రేడియోలో తన సొంత ముద్దుమాటలతో హుకుంలు ఇచ్చేవాడు, కింది అఫ్సర్లకు సగం అర్థమయ్యేవి కావు. మ్యాప్ చూసి ట్యునీషియాలోని జబల్ లెసూదా మీద కొందరిని, జబల్ క్సైరా మీద కొందరిని నిలబెట్టాడు. ఒక గుట్ట మీదివాళ్లకు ఆపద వస్తే రెండో గుట్టవాళ్లు మదద్‌కు రాలేనంత దూరం.

1943 ఫిబ్రవరి 14న జర్మన్ ట్యాంకులు వచ్చాయి. గుట్టల మీదివాళ్లు చుట్టుముట్టబడ్డారు. ఆ వెంటనే కస్సరీన్ కనుమ దగ్గర రోమెల్ దెబ్బ. చచ్చినవాళ్లు, జఖ్మీలు, ఖైదీలు, ఆచూకీ లేనివాళ్లు కలిపి అమెరికన్లకు సుమారు 6 వేల మంది నష్టం. మూడు వారాలు తిరక్కుండానే, మార్చి మొదటి వారంలో ఐసెన్‌హోవర్ ఫ్రెడెండాల్‌ను తీసేసి పాటన్‌ను కూర్చోబెట్టాడు. మే నెలలో అదే ట్యునీషియాలో 2 లక్షలకు పైగా జర్మన్, ఇటలీ సిపాహీలు ఖైదీలయ్యారు. అదంతా ఒక్క పాటన్ వల్ల అయిందని కాదు. బ్రిటిష్ ఫౌజూ ఉంది, సముద్రం మీద శత్రువు రసద్ తెగిపోవడమూ ఉంది. కానీ అదే సెకండ్ కోర్, అవే పల్టన్‌లు, షికస్త్ నుంచి లేచి నిలబడ్డాయి.

నార్మండీలో 90వ డివిజన్ కథ ఇంకా సాఫ్‌గా ఉంటుంది. ఎంత చెడ్డగా పోరాడిందంటే, దాన్ని విడగొట్టి సిపాహీలను వేరే డివిజన్లకు పంచేద్దామన్న ఆలోచన కూడా వచ్చింది. దిగిన కొద్ది రోజులకే మొదటి కమాండర్‌ను తీసేశారు. జూలై చివర్లో రెండో ఆయన్నీ తీసేశారు. మూడో ఆయన రేమండ్ మెక్‌లేన్. వెస్ట్ పాయింట్‌లో చదివినవాడు కాదు. నేషనల్ గార్డ్ అఫ్సర్, మామూలు రోజుల్లో ఓక్లహోమాలో బ్యాంకు నడిపేవాడు. ఆయన చేతిలో అదే డివిజన్ మంచి డివిజన్లలో ఒకటి అయింది. కసూర్ సిపాహీలది కాదని అప్పుడు తేలింది.

ఇంకో సంగతి. ఆ రోజుల్లో తీసేయడమంటే ఉమ్రంతా బేఇజ్జతీ కాదు. 1943లో సిసిలీలో ఫస్ట్ డివిజన్ నుంచి టెర్రీ అలెన్‌ను, ఆయన నాయబ్ థియోడర్ రూజ్‌వెల్ట్ జూనియర్‌ను తప్పించారు. అలెన్‌కు మళ్లీ 104వ డివిజన్ ఇచ్చారు, దాన్ని గొప్పగా నడిపాడు. పాత ప్రెసిడెంట్ కొడుకైన రూజ్‌వెల్ట్ 56 ఏళ్ల వయసులో చేతికర్ర పట్టుకుని, మొదటి జట్లతో పాటు యూటా బీచ్‌లో దిగాడు. రెండో మౌకా ఉంటుందని తెలిసినప్పుడు, తీసేసేవాడికి చేయి వణకదు.

అయితే ఇంసాఫ్‌గా రెండో వైపు కూడా చెప్పాలి. ఈ మార్షల్ హిసాబ్ అందరికీ ఒకేలా నడవలేదు. నల్లజాతి సిపాహీలను విడిగా పెట్టిన ఫౌజు అది. ఒక నల్ల అఫ్సర్‌కు మొదటిసారి బ్రిగేడియర్ జనరల్ హోదా దక్కింది 1940లో. ఆయన బెంజమిన్ డేవిస్. ఆ జంగు మొత్తంలో ఒక్క డివిజన్ కూడా నల్లవాడి చేతికి రాలేదు. నల్ల సిపాహీల 92వ డివిజన్‌ను ఎడ్వర్డ్ ఆల్మండ్ అనే తెల్ల జర్నైల్‌కు ఇచ్చారు. ఇటలీలో అది దెబ్బ తింటే ఆయన తప్పంతా సిపాహీల నసల్ మీద తోసేశాడు. 90వ డివిజన్‌లో జర్నైల్‌ను మార్చి చూశారు. ఇక్కడ సిపాహీల మీద నింద వేసి ఊరుకున్నారు. ఆల్మండ్ కుర్సీ కదల్లేదు. పైగా 1950లో కొరియాలో ఏకంగా ఒక కోర్ ఆయనకు దక్కింది.

ఆ తర్వాత ఆ పాత అలవాటు మెల్లగా పోయింది. వియత్నాంలో 1964 నుంచి 1968 దాకా కమాండ్ చేసిన వెస్ట్‌మోర్‌ల్యాండ్ కింద 5 లక్షల మంది సిపాహీలు ఉండేవారు. ఫతే రాలేదు. ఆయన తిరిగి వచ్చి మార్షల్ కూర్చున్న ఆర్మీ చీఫ్ కుర్సీలోనే కూర్చున్నాడు. ఆ జంగులో బెటాలియన్ కమాండర్లు సాధారణంగా ఆరు నెలలకే మారిపోయేవారు. లాయఖ్ అయినా, నాలాయఖ్ అయినా గడువు అదే. పని నేర్చుకునేసరికి తబాదలా. ఆ పాఠానికి ఖరీదు మళ్లీ సిపాయే కట్టాలి.

ఇక ఇరాక్. 2004 ఏప్రిల్‌లో అబూ గ్రైబ్ జైలు ఫోటోలు దునియా అంతా చూసింది. ఇరాకీ ఖైదీల మీద జరిగిన జుల్మ్‌కు కింది సిపాహీలు కొందరు జైలుకు వెళ్లారు. ఒకడికి పదేళ్ల సజా పడింది. జైళ్లు చూసిన బ్రిగేడియర్ జనరల్ జానిస్ కార్పిన్‌స్కీని కల్నల్‌గా దించారు. ఆ వేళ ఇరాక్ మొత్తానికి కమాండర్ రికార్డో సాంచెజ్. ఆర్మీ తహ్‌కీకాత్ ఆయన్ని బరీ చేసింది. 2006లో మూడు నక్షత్రాలతోనే రిటైరయ్యాడు. జవాబ్‌దారీ కింది మెట్ల దగ్గరే ఆగిపోతోందని పాల్ యింగ్లింగ్ అనే లెఫ్టినెంట్ కల్నల్ 2007లో పేరు పెట్టి మరీ రాశాడు. యూనిఫాం ఒంటి మీద ఉండగా అలా రాయడానికి హిమ్మత్ కావాలి.

సరైన మనిషిని ఎంచడం ఎవరికైనా కష్టమే. మార్షల్ అంతటివాడు ఫ్రెడెండాల్‌ను నమ్మాడు. ఆ జమానాకూ ఈ జమానాకూ తేడా ఎంపికలో లేదు, గలతీ తెలిశాక ఏం చేశారన్న దాంట్లో ఉంది. కస్సరీన్ తర్వాత మూడు వారాల్లో జర్నైల్ మారాడు. అబూ గ్రైబ్ తర్వాత సిపాహీలు జైలుకు పోయారు. కమాండ్ అన్నది సిపాహీల తల్లులు అప్పజెప్పిన అమానత్. శత్రువుదే అయినా, చేతికి చిక్కిన ఖైదీ జాన్ కూడా ఆ అమానత్‌లో భాగమే. దాన్ని పోగొట్టినవాడి ఇజ్జత్ కాపాడుతూ కూర్చుంటే, ఆ ఖర్చు ఎప్పుడూ వేరే ఇళ్లవాళ్లే భరిస్తారు.