కూర్పరి ఎ. శ్రీకర్ ప్రసాద్: తెలుగింటి నుంచి భారతీయ సినిమాకు

భారతీయ సినిమా అగ్రశ్రేణి ఎడిటర్లలో అక్కినేని శ్రీకర్ ప్రసాద్ ఒకరు. తెలుగు, తమిళం, మలయాళం, హిందీ, అస్సామీ తదితర భాషల చిత్రాలకు కూర్పు వహించిన ఆయన, తొమ్మిది జాతీయ చలనచిత్ర పురస్కారాలు అందుకున్నారు.

నేపథ్యం

శ్రీకర్ ప్రసాద్ సినీ కుటుంబంలో జన్మించారు. తండ్రి అక్కినేని సంజీవి ఎడిటర్, దర్శకుడు. దాదాసాహెబ్ ఫాల్కే పురస్కార గ్రహీత, ఏలూరు సమీపంలోని సోమవరప్పాడుకు చెందిన ఎల్.వి. ప్రసాద్ ఆయనకు పెదనాన్న. మద్రాసు విశ్వవిద్యాలయంలో సాహిత్యం అభ్యసించిన శ్రీకర్ ప్రసాద్, తండ్రి వద్ద కూర్పు నేర్చుకుని తెలుగు చిత్రాలతో వృత్తి ప్రారంభించారు. ఫిల్మ్‌ను చేత్తో కత్తిరించి అతికించే రోజులవి. తర్వాత కంప్యూటర్ ఎడిటింగ్ వచ్చినా ఏ దృశ్యం ఎంతసేపు ఉండాలి, ఎక్కడ ఆగాలి అనే నిర్ణయం మాత్రం ఎడిటర్‌దే.

ప్రధాన చిత్రాలు

ఆమిర్ ఖాన్ నటించిన 'రాఖ్' (1989) ఆయనకు తొలి జాతీయ పురస్కారం తెచ్చిపెట్టింది. మణిరత్నం 'అలైపాయుదే' (2000)తో ఆ దర్శకునితో సుదీర్ఘ అనుబంధం మొదలైంది. తెలుగులో 'సఖి'గా వచ్చిన ఈ చిత్రంలో భార్య కోసం భర్త వెతుకులాట, వారి గత ప్రేమకథ పక్కపక్కనే నడుస్తాయి. రెండు కాలాల మధ్య ప్రేక్షకుడు తికమక పడకుండా చూడటమే అక్కడ కూర్పు పని. 'దిల్ చాహ్తా హై' (2001), 'పొన్నియిన్ సెల్వన్' (2022, 2023) ఆయన ఇతర ప్రముఖ చిత్రాలు.

తెలుగులో 'నువ్వు నాకు నచ్చావ్' (2001), 'మన్మథుడు' (2002), 'ఒక్కడు' (2003), 'అతడు' (2005), 'ఆర్ఆర్ఆర్' (2022) ఆయన కూర్చినవే.

పురస్కారాలు

'రాగ్ బిరాగ్', 'ది టెర్రరిస్ట్', 'వానప్రస్థం', 'కన్నత్తిల్ ముత్తమిట్టాల్' (తెలుగులో 'అమృత'), 'ఫిరాక్' చిత్రాలకు ఆయన ఉత్తమ ఎడిటర్‌గా ఎంపికయ్యారు. 'కమీనే', 'కుట్టి స్రాంక్', 'కేరళ వర్మ పళశ్శిరాజా'లకు కలిపి ప్రత్యేక జ్యూరీ పురస్కారం దక్కింది. 2022లో ప్రకటించిన 68వ పురస్కారాల్లో వసంత్ దర్శకత్వంలోని 'శివరంజనియుం ఇన్నుం సిల పెణ్‌గళుం' ఆయనకు మరో గౌరవం తెచ్చింది.

కథాచిత్రాల విభాగంలో ఆయనకు దక్కిన జాతీయ గుర్తింపంతా హిందీ, అస్సామీ, తమిళ, మలయాళ చిత్రాలదే. తెలుగు ప్రేక్షకులు పదే పదే చూసే ఆయన చిత్రాల్లో ఒక్కటీ ఆ జాబితాలో లేదు. అయినా సంభాషణ ముగిశాక నవ్వుకు వదిలిన విరామంలో, ఛేజింగ్ దృశ్యపు వేగంలో ఆ చిత్రాలు ఆయన పనితనాన్ని నేటికీ చూపుతూనే ఉన్నాయి.