నడకలో సెల్‌ఫోను వాడకం

ఆరుబయట నడుస్తూ సెల్‌ఫోనులో మాట్లాడడం, సందేశాలు చదవడం, రాయడం వంటి పనులు చేయడాన్ని నడకలో సెల్‌ఫోను వాడకం అంటారు. ఇలా నడిచేవారికి జర్మనీలో "స్మోంబీ" అని పేరు. స్మార్ట్‌ఫోను, జోంబీ అనే మాటల కలయికతో ఏర్పడిన ఈ పదం 2015లో అక్కడ ఆ సంవత్సరపు యువజన పదంగా ఎంపికయింది. జపానులో ఈ అలవాటును "అరుకి సుమాహో" అంటారు.

ధ్యాసపై ప్రభావం

కళ్ళు తెరిచే ఉన్నా, ధ్యాస వేరేచోట ఉంటే ఎదుట ఉన్నది కూడా మనసుకు అందదు. అమెరికాలోని వెస్టర్న్ వాషింగ్టన్ విశ్వవిద్యాలయంలో ఐరా హైమన్ బృందం జరిపిన ప్రయోగం (2010లో ప్రచురితం) ఇందుకు ప్రసిద్ధమైన ఉదాహరణ. రంగురంగుల దుస్తులు ధరించిన ఒక విదూషకుడు ఒంటిచక్రపు సైకిలుపై విశ్వవిద్యాలయ ఆవరణలో తిరిగాడు. ఆ దారిన వచ్చినవారిని తరువాత అడిగినపుడు, ఇద్దరిద్దరుగా నడిచినవారిలో 71 శాతం, పాటలు వింటూ నడిచినవారిలో 61 శాతం, ఒంటరిగా నడిచినవారిలో 51 శాతం మంది అతనిని చూశామన్నారు. సెల్‌ఫోనులో మాట్లాడుతూ నడిచినవారిలో మాత్రం 25 శాతమే చూశారు. వీరి చూపు ఫోను తెరపై లేదు, చెవులు మూసుకొని లేవు. అందువలన లోపం సంభాషణ వైపు మళ్ళిన ధ్యాసలోనే ఉందని భావించవచ్చు. చూడనివారికి తాము చూడలేదన్న సంగతి కూడా తెలియకపోవడమే ఇందులోని అసలు ప్రమాదం.

నడకపై ప్రభావం

2014లో ఆస్ట్రేలియాలోని క్వీన్స్‌లాండ్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 26 మంది నడకను పరిశీలించారు. సందేశం రాస్తూ నడిచినపుడు వేగం తగ్గింది, నడక సరళరేఖనుండి పక్కకు తప్పింది. చదువుతూ నడిచినపుడు కూడా తేడా కనిపించింది కాని, రాసేటపుడు అది మరింత ఎక్కువ.

ఈ ప్రభావం ఫోను పట్టుకున్నవారితో ఆగదు. ఎదురెదురుగా వచ్చే రెండు గుంపులు ఎవరూ చెప్పకుండానే వరుసలుగా విడిపోయి దారి ఇచ్చుకుంటాయి. జపాను పరిశోధకులు 27 మంది చొప్పున ఉన్న రెండు గుంపులతో దీనిని పరీక్షించారు. ఒక గుంపులో ముందు నడిచే ముగ్గురు ఫోను చూస్తుంటే చాలు, వరుసలు ఏర్పడడం ఆలస్యమయింది. ఫోను లేనివారు కూడా తప్పుకోవడానికి ఇబ్బందిపడ్డారు. ఎదుటివారు ఎటు వెళ్తారో ఇరువైపులవారూ ఊహించుకోవడం వలననే ఢీకొనడం తప్పుతుందని వీరు తేల్చారు. 2021లో వెలువడిన ఈ పరిశోధనకు అదే సంవత్సరం ఇగ్ నోబెల్ బహుమతి లభించింది.

నియంత్రణ

2016లో జర్మనీలోని ఆగ్స్‌బర్గ్ నగరంలో, తలవంచుకుని నడిచేవారికి కనబడేలా ట్రాము పట్టాల వద్ద నేలలోనే సిగ్నలు దీపాలు అమర్చారు. అమెరికాలోని హోనలులులో ఫోను చూస్తూ రోడ్డు దాటేవారికి జరిమానా విధించే చట్టం 2017 అక్టోబరులో అమలులోకి వచ్చింది. జపానులోని యమాతో నగరం 2020లో బహిరంగ ప్రదేశాలలో నడుస్తూ ఫోను చూడడాన్ని నిషేధించింది. ఈ నిషేధంలో శిక్ష ఏదీ పెట్టలేదు.