లపూటా ద్వీపమును తేల్చిన అక్షరములు

పుష్పక విమానము తలచినంతనే కదలెనని మన పురాణములు చెప్పుచున్నవి. జానపద కథలలో మాంత్రికుడు నేలపై ముగ్గు గీచి, అందులో బీజాక్షరములు వ్రాసినచో బండరాయి గాలిలోనికి లేచును. ఎట్లు లేచినదని కథ వినువారెవరును అడుగరు. 1726లో లండనులో అచ్చయిన ‘గలివర్ యాత్రలు’ అను గ్రంథములో జొనాథన్ స్విఫ్టు ఒక ద్వీపమునే గాలిలో తేల్చినాడు. ఆయన కూడ అక్షరములనే ఉపయోగించినాడు. అయితే అవి రేఖాగణితపు పటములలో బిందువులను గుర్తించుటకు వాడు ఏ, బి, సి, డి అక్షరములు.

ఆ ద్వీపము పేరు లపూటా. బాల్నిబార్బి అను కల్పిత రాజ్యముపై అది సంచరించుచుండును. దాని ఆకారము వృత్తము. వ్యాసము 7,837 గజములు, మందము 300 గజములు, వైశాల్యము 10,000 ఎకరములు. విద్యార్థులు ఈ లెక్కను సరిచూడవచ్చును. ఆ వ్యాసముగల వృత్తమునకు సుమారు 4,82,38,000 చదరపు గజముల వైశాల్యముండును. ఎకరమునకు 4,840 చదరపు గజములు గనుక, 9,966 ఎకరములకు కొంచెము పైగా వచ్చును. కల్పన చేయువాడు కూడికలలోను భాగహారములలోను తప్పరాదని స్విఫ్టునకు బాగుగా తెలియును!

ద్వీపము నడుమ ఒక గుహ. అందులో ఆరు గజముల పొడవుగల పెద్ద సూదంటురాయి. దాని ఆకారము నేతగాని నాడెవలె నుండును. వజ్రమువంటి గట్టి పదార్థముతో చేసిన ఇరుసుపై దానిని ఎంత బలహీనుడైనను త్రిప్పవచ్చును. బాల్నిబార్బి భూమిలోని ఒక ఖనిజమును రాయి యొక్క ఒక కొన ఆకర్షించును, రెండవ కొన వికర్షించును. వికర్షించు కొనను క్రిందికి త్రిప్పిన ద్వీపము పైకి లేచును. ఆకర్షించు కొనను త్రిప్పిన దిగును. రాయిని ఏటవాలుగా నిలిపిన ద్వీపము ఏటవాలుగా పోవును. రాజ్యమునకు అడ్డముగా ఏబి అను రేఖను గీచి, సిడి అను రాయిని దానిపై నిలిపి, ద్వీపము ఒక బిందువు నుండి మరియొక బిందువునకు చేరు విధమును స్విఫ్టు పటముతో సహా వివరించినాడు. ఇది 1665లో ఆరంభమైన లండను రాయల్ సొసైటీ పత్రికలోని వ్యాసముల ధోరణికి అనుకరణము. ఈ ప్రయాణ భాగములోని అనేక విచిత్రములకు మూలము ఆ పత్రిక పుటలలోనే ఉన్నదని మార్జొరీ నికల్సన్, నోరా మోలర్ అను పరిశోధకులు 1937లో చూపించినారు.

రాయిని క్షితిజ సమాంతరముగా నుంచినచో రెండు కొనల బలములు సమానమై ద్వీపము కదలక నిలుచునని స్విఫ్టు వ్రాసినాడు. తరగతిలో ఆగి ఆలోచింపదగిన చోటు ఇదియే. ఆకర్షణ, వికర్షణ ఒకదానినొకటి రద్దు చేసికొన్న పిమ్మట ద్వీపము బరువును మోయునది ఏది? సామాన్యమైన రాతి సాంద్రతను తీసికొన్నను దాని బరువు సుమారు 3,000 కోట్ల టన్నులుండును. పటములోని అక్షరములలో ఈ బరువునకు ఒక్క అక్షరమైనను లేదు.

బరువు సంగతి సరిదిద్దినను మరియొక చిక్కు మిగులును. స్థిరమైన అయస్కాంతముల బలములతో మాత్రమే మరియొక అయస్కాంతమును గాలిలో స్థిరముగా నిలుపజాలమని 1842లో ప్రకటింపబడిన శామ్యూల్ ఎర్న్‌షా సిద్ధాంతమువలన తేలుచున్నది. రెండు బార్ అయస్కాంతములను తీసికొని, ఒకదానిపై ఒకటి తేల్చుటకు ప్రయత్నించిన విద్యార్థికి ఇది చేతివ్రేళ్లకే తెలియును: పైది ప్రక్కకు జారును, లేదా తిరగబడి అంటుకొనును.

ఎర్న్‌షా సిద్ధాంతమునకు లోబడని పదార్థములు లేకపోలేదు. ఫారడే 1845లో పరిశీలించిన బిస్మతు వంటి డయామాగ్నెటిక్ పదార్థములు అయస్కాంతపు రెండు ధ్రువములనుండియు తొలగిపోవును. నీరు కూడ అట్టిదే. అందువలననే 1997లో నెదర్లాండ్సులోని నైమెగన్ నగరమున ఆంద్రె గైమ్, ఆయన సహచరులు సుమారు 16 టెస్లాల క్షేత్రములో బ్రతికియున్న కప్పను గాలిలో తేల్చగలిగినారు. కప్పకు హాని కలుగలేదు.

ఇంతకును ఆ ద్వీపమును స్విఫ్టు ఎందుకు తేల్చినట్లు? లపూటా రాజు దానిపై నివసించును. క్రింది పట్టణములవారు పన్ను కట్టకున్నను, తిరుగుబాటు చేసినను, ద్వీపమును వారి నెత్తిపై నిలిపి ఎండ వానలు తగులకుండ చేయును; రాళ్లు వేయించును; చివరకు ద్వీపమునే వారిపై దించుదునని బెదరించును. ఐర్లండునకు ఇంగ్లండు ఎట్లున్నదో స్విఫ్టు కన్నులార చూచినాడు. విలియం వుడ్ అను వ్యాపారి ముద్రించు రాగి నాణెములను ఐర్లండు ప్రజలు తీసికొనరాదని 1724లో ఆయన మారుపేరుతో లేఖలు ప్రచురించినాడు. మరుసటి సంవత్సరము ఆ నాణెములు ఉపసంహరింపబడినవి.

ఈ సంఘటనను తలపించు కథ గ్రంథములోను ఉన్నది. లిండలీనో పట్టణమువారు నాలుగు మూలల నాలుగు బురుజులు కట్టి, వాటి శిఖరములపైనను, నడుమనున్న కొండపైనను పెద్ద సూదంటురాళ్లు నిలిపినారు. (పేరులో ‘లిన్’ రెండు మారులున్నది, రెండింతలకు ఇంగ్లీషున డబుల్ అందురు. అనగా డబ్లిన్.) రాజు ద్వీపమును క్రిందికి దింపించుచుండగా అది ఎన్నడును లేని వేగముతో దిగసాగినది. ఒక వృద్ధ అధికారి, ద్వీపపు అడుగు భాగమువంటి పదార్థపు ముక్కను త్రాటికి కట్టి క్రిందికి వదలి చూచినాడు. నాలుగు గజములు దిగకమునుపే బురుజువైపు అది ఎంత బలముగా లాగినదనిన, తిరిగి పైకి తీయుటయే కష్టమైనది. మిగిలిన మూడు బురుజులపైనను, కొండపైనను ఇదే పరీక్ష చేసినారు, ఫలితము అదే. రాజు పట్టణమువారి కోరికలను అంగీకరింపవలసివచ్చినది.

ఈ ఘట్టమును అచ్చువేయుటకు ఆనాటి ప్రచురణకర్తలెవరును సాహసింపలేదు. స్విఫ్టు మిత్రుడు చార్లెస్ ఫోర్డు ప్రతిలో అది చేతివ్రాతగా మిగిలి, 1899లో మొదటిసారి పుస్తకములో చేరినది.