ముగ్గురు బ్రహ్మచారులు, ఒక పాప... మరి అమ్మేదీ?

2007లో వచ్చిన "హే బేబీ" పేరెత్తగానే "అది త్రీ మెన్ అండ్ ఎ బేబీ కాపీ కదా" అనేవాళ్ళు చాలామంది. ఇంకాస్త తెలిసినవాళ్ళు "కాదు బాబూ, ఆ హాలీవుడ్ సినిమానే ఫ్రెంచి నుంచి తెచ్చుకున్నది" అంటారు. ఇద్దరూ చెప్పేది నిజమే. కానీ ఇక్కడితో ఆగకుండా తీగ లాగితే డొంక 1913లో కదుల్తుంది. నాకు మాత్రం ఎవరు ఎవర్ని కాపీ కొట్టారన్న దానికంటే ఇంకో విషయం ఆసక్తిగా అనిపించింది. ఇన్ని కథల్లోనూ అసలు అమ్మ ఎక్కడికి పోయింది?

ముందు పాత కథ చూద్దాం. పీటర్ కైన్ అనే అమెరికన్ రచయిత 1913 నాటి "త్రీ గాడ్‌ఫాదర్స్"లో ముగ్గురు బ్యాంకు దొంగలు ఎడారిలో పారిపోతుంటారు. దార్లో ఒక గూడుబండి, అందులో ఒంటరిగా ఓ నిండు చూలాలు. బిడ్డని కని, ఆ దొంగల చేతుల్లో పెట్టి ఆవిడ కన్నుమూస్తుంది. ఈ కథని హాలీవుడ్ వాళ్ళు 1916 నుంచి 1948 లోపు ఐదుసార్లు తీశారు. వాటిలో రెండు (1919, 1948) జాన్ ఫోర్డ్ ఒక్కడే తీశాడు! 1948 దాంట్లో జాన్ వేన్, మిగతా ఇద్దరూ కలిసి పిల్లల పెంపకం పుస్తకం ముందేసుకుని కుస్తీ పడుతుంటే, ఒంటికి రాయడానికి నూనె లేక బండి ఇరుసుకి పూసే గ్రీజు పూస్తుంటే నవ్వాగదు.

కానీ ఒక్కసారి ఆలోచించండి. ఈ మగాళ్ళ చేత బిడ్డనెత్తించడానికి రచయిత ఎంత కష్టపడ్డాడో! తల్లిని చంపాడు. చుట్టూ ఎడారి పరిచాడు. చుట్టుపక్కల ఎక్కడా ఇంకో ఆడమనిషి లేకుండా చేశాడు. మన భాషలో చెప్పాలంటే మిగతా ఆప్షన్లన్నీ డిసేబుల్ చేస్తే తప్ప మగాడు బిడ్డ జోలికి రాడన్నమాట.

ఇలాంటి కథ మనకీ ఉంది. 1968లో వచ్చిన "పాప కోసం" గుర్తుందా? డబ్బు కోసం ముగ్గురు నేరగాళ్ళు ఒక చిన్నపిల్లని ఎత్తుకొస్తే, ఆ పిల్లే వాళ్ళని మనుషుల్ని చేస్తుంది. అదే తమిళంలో "కుళందైక్కాగ" (1968), హిందీలో "నన్హా ఫరిష్తా" (1969) అయింది. తమిళ సినిమాకి బేబీ రాణికి బాలనటిగా జాతీయ అవార్డు కూడా వచ్చింది. ఇందులో తల్లి చావక్కర్లేదు, పిల్లని ఎత్తుకొస్తే సరిపోయింది. అక్కడ ఎడారి చేసిన పని ఇక్కడ కిడ్నాప్ చేసింది, అంతే తేడా.

1985లో కొలీన్ సెరో అనే ఫ్రెంచి దర్శకురాలు ఇదంతా తిరగేసింది. పారిస్‌లో ఒకే ఇంట్లో ఉండే ముగ్గురు బ్రహ్మచారులు. తలుపు ముందు బుట్టలో పాప. తల్లి నిక్షేపంగా బతికే ఉంది, ఉద్యోగం కోసం ఆరు నెలలు అమెరికా వెళ్ళింది! ఎడారి లేదు, తుపాకులు లేవు. పాలడబ్బా కొనడానికెళ్ళి, ఏ వయసు పిల్లకి, ఏ రకం అనడిగితే తెల్లమొహం వెయ్యడమే ఇక్కడ అసలు యుద్ధం. ఒక్క ఫ్రాన్స్‌లోనే కోటిమందికి పైగా చూశారు, ఉత్తమ చిత్రంగా సెజార్ అవార్డూ ఇచ్చారు. తల్లి వచ్చి పాపని తీసుకెళ్ళాక ఆ ముగ్గురికీ ఇల్లు బోసిపోతుంది. ఆవిడకేమో ఇటు ఉద్యోగం, అటు పిల్ల. ఒక్కతే లాగలేక మళ్ళీ ఆ ఇంటికే వస్తుంది. చివర్లో పాప అడుగులు వేస్తుంటే, అలిసిపోయిన తల్లి ఆ పాప మంచంలోనే ముడుచుకుని నిద్రపోతుంటుంది. నా దృష్టిలో ఈ నూరేళ్ళ కథలో అన్నిటికన్నా నిజమైన సీను ఇదే. పిల్లని పెంచడం ఒక్క మనిషి వల్ల అయ్యే పని కాదని డైలాగు లేకుండా చెప్పింది.

రెండేళ్ళకి లెనార్డ్ నిమోయ్ (అవును, స్టార్ ట్రెక్ స్పాకే!) దీన్ని "త్రీ మెన్ అండ్ ఎ బేబీ"గా తీశాడు. అమెరికాలో 1987 సినిమాలన్నిట్లోకీ ఎక్కువ వసూలు చేసింది ఇదే, దాదాపు 16.8 కోట్ల డాలర్లు. ఇందులోనూ తల్లి వదిలేసి వెళ్తుంది, మళ్ళీ వస్తుంది, చివరికి వాళ్ళింట్లోనే చేరుతుంది.

ఇక మన "హే బేబీ"కొద్దాం. ఇక్కడ తల్లి పాపని వదల్లేదు. బిడ్డ చనిపోయిందని ఆవిడకి అబద్ధం చెప్పి, ఆవిడ తండ్రే తెచ్చి ఆ గుమ్మంలో పెడతాడు. చూశారా? సిడ్నీలో తీసినా సరే, ఉద్యోగం కోసం ఆరు నెలలు పిల్లని తండ్రి దగ్గర వదిలిన తల్లిని మనవాళ్ళు చూపించలేకపోయారు. 1985 నుంచి మళ్ళీ 1913 వైపు నడిచాం. అప్పుడు తల్లిని చంపారు, ఇప్పుడు బిడ్డ చచ్చిందని తల్లిని నమ్మించారు.

సినిమాలే కదా అని కొట్టిపారేయొద్దు, చట్టాలు కూడా ఇలాగే ఆలోచిస్తాయి. ఆ ఫ్రెంచి సినిమా వచ్చేనాటికి అక్కడి తండ్రికి దొరికే సెలవు మూడు రోజులు. 2002లో ఇంకో పదకొండు రోజులు కలిపారు. 2021లో మొత్తం 28 రోజులయ్యాయి. మన దగ్గర 2017లో ప్రసూతి సెలవుని 12 వారాల నుంచి 26 వారాలకి పెంచారు, చాలా మంచి పని. కానీ ఆ సవరణలో నాన్నల ఊసే లేదు. 2015 జువెనైల్ జస్టిస్ చట్టం ప్రకారమైతే ఒంటరి మగాడు ఆడపిల్లని దత్తత తీసుకోవడానికే వీల్లేదు. పిల్లల భద్రత కోసం పెట్టిన నిబంధన అది, కారణం అర్థమవుతుంది. కానీ "హే బేబీ" బ్రహ్మచారుల్లో ఏ ఒక్కడైనా ఇక్కడ ఒక పాపని దత్తత అడిగితే మొదటి ఫారం దగ్గరే కథ ముగిసిపోతుంది.

మన ఆఫీసుల్లోనూ చూడండి. బిడ్డ పుట్టాడని ఎవరైనా రెండు వారాలు సెలవు అడిగితే "నువ్వక్కడ చేసేదేముంది?" అని నవ్వేవాళ్ళు ఉంటారు. ఆ నవ్వూ, సినిమాహాల్లో డైపర్ తిరగేసి కట్టే హీరోని చూసి వచ్చే నవ్వూ ఒకటే. మగాడికి ఆ పని రాదు, రానక్కర్లేదు అన్న నమ్మకంలోంచే రెండూ పుట్టాయి. కానీ ఆ పని ఆడవాళ్ళు కూడా పుట్టుకతో నేర్చుకుని రారు, చేస్తూ చేస్తూ నేర్చుకుంటారు. కథలోని ముగ్గురు మొద్దులూ రెండు గంటల్లో నేర్చేసుకున్నారు కదా :)

మగాడు డైపర్ మారుస్తుంటే హాల్లో ఎవరికీ నవ్వు రాని రోజున ఈ కథ పాతబడిపోతుంది. మంచి కామెడీ ఒకటి పోతుందనుకోండి, నా మటుకు నాకు దిగులేం లేదు.